చిమ్మట పట్టింది

మార్చి 3, సోమవారం

ఈ రోజు నేను చప్పట్లు కొట్టింది రాజావారి డైలాగుకి కాదు. లోకానికి తెలియకపోయినా ఈ డైరీకన్నా తెలియాలి కదా అని రాసుకుంటున్నాను.

రిహార్సల్లో రాజావారు రాణి ముందు మోకాలి మీద కూర్చుని, ఎప్పటిలాగే, "నీ ప్రేమ జ్వాలకు నేను సులభాన్ని, రాణీ" అన్నారు. నాటకంలో ఉన్నది "శలభాన్ని" అని. శలభమంటే దీపం చుట్టూ తిరిగి రెక్కలు కాల్చుకునే పురుగు. సులభమంటే తేరగా దొరికేవాడని అర్థం వస్తుంది. నేను తెరపక్కన స్క్రిప్టు పట్టుకుని "శలభం, శలభం" అని గొణుగుతున్నాను. డైలాగులు అందించడం ఇక్కడ నా రెండో ఉద్యోగం. జీతం మాత్రం మొదటిదానికే ఇస్తారు. సరిగ్గా అప్పుడే నా ముక్కు ముందు నుంచి బియ్యపు గింజంత పురుగొకటి ఎగిరింది. రెండు చేతులూ కలిపి ఫట్‌మని కొట్టాను. తప్పించుకుంది. మళ్ళీ కొట్టాను. మూడోసారికి చచ్చింది.

రాజావారు లేచి నిలబడి, గుండె మీద చెయ్యి పెట్టుకుని, నావైపు తిరిగి నడుం దాకా వంగారు.

రిహార్సలయ్యాక టీకి నా గదికి వచ్చారు. నా గదంటే నాటకాల కంపెనీ దుస్తుల గది, అన్నీ కోట్లే. కోట్లలో మునిగి తేలుతుందని నాకు కోటీశ్వరి అని పేరు పెట్టారు. మొదట్లో ఒళ్ళు మండేది, ఇప్పుడు జీతం రోజున మాత్రమే మండుతుంది.

"కోటీశ్వరిగారూ, ఇరవై ఏళ్ళుగా వేషాలేస్తున్నాను. తెరపక్క నుంచి చప్పట్లు రావడం ఇదే మొదటిసారండీ" అన్నారు.

నేనేం చెప్పను? "బాగా చేశారు" అన్నాను. అరచేతిలో పురుగు ఇంకా అంటుకునే ఉంది. టీ కప్పు ఎడం చేత్తో ఇచ్చాను.

ఆయన చొక్కా బొత్తాం మళ్ళీ ఊడింది. కుట్టి ఇచ్చాను. దారం ఎవరో కత్తిరించినట్టు నున్నగా తెగిపోతోంది. ఈ మధ్య దారాలన్నీ నాసిరకం.

మార్చి 4, మంగళవారం

నిన్నటిది చిమ్మట కాదు. ఏదో ధూళి పురుగు.

మార్చి 5, బుధవారం

చిమ్మటే.

రాజావారి ఎర్ర ఉన్ని కోటు దులుపుదామని బొచ్చు కాలరు ఎత్తి చూశాను. కాలరు కింద జల్లెడ. కుట్లలో సన్నటి గింజల్లాంటివి ఏవో పట్టుకుని ఉన్నాయి, ఒకటి కదిలింది కూడా. కాలరు మళ్ళీ దించేశాను.

మా మేనేజరు సంగతి నాకు తెలుసు. పై వీధి కంపెనీలో దుస్తులకి చిమ్మట పట్టి, చివరికి అన్నీ పెరట్లో వేసి తగలబెట్టుకున్నారు. అప్పట్నుంచి ఆయన వారానికోసారి నా గుమ్మంలో నిలబడి అదే పాట పాడతాడు. "ఒక్క పురుగు కనిపించిందా, గదికి గది కాల్పించేస్తా. కోట్లు అద్దెకి తెచ్చుకుంటా. అద్దె కోట్లకి కోటీశ్వరి అక్కర్లేదు." నాకు నలభై ఆరేళ్ళు. ఈ కోట్లు తప్ప నాకు ఏ పనీ రాదు.

సరే, తూట్లు కనిపించకుండా ముందు లోపలికి మడిచేద్దామని పిన్నీసులు పెదాల మధ్య పెట్టుకుని కూర్చున్నాను. రాజావారు వచ్చారు.

"కోటు ఇస్తారా, వేసుకుని ఓసారి నడిచి చూసుకుంటాను."

తల అడ్డంగా ఊపాను.

"ఎందుకండీ, ఏమైంది?"

నోట్లో నుంచి నిజం ఊడిపడింది. "చిమ్మట పట్టింది" అన్నాను. అన్నానని అనుకున్నాను. పెదాల మధ్య పిన్నీసులుంటే 'మ' కిందున్న ఒత్తు పలకదని నాకేం తెలుసు. ఒత్తు పిన్నీసుల్లోనే ఇరుక్కుపోయింది.

"చెమట పట్టిందా?" అన్నారాయన.

నేను పిన్నీసులు తీసి సరిదిద్దబోయే సరికి ఆయన భుజం వెనక నుంచి మేనేజరు మొహం కనిపించింది. "ఏం పట్టిందీ?" అన్నాడు మేనేజరు.

ముందు నుయ్యి, వెనక గొయ్యి.

"చెమటండీ" అన్నాను. "బాగా పట్టింది. వాసన కూడా."

వాసన మాట ఎవరడిగారు? అబద్ధం వడ్డించేటప్పుడు నాది మహా పెద్ద చెయ్యి. మేనేజరు ముక్కు ఎగబీల్చి, "అదేగా, ఎండలో వెయ్యి" అని వెళ్ళిపోయాడు. రాజావారు మాత్రం అక్కడే నిలబడ్డారు. ఎడం చెయ్యి కొంచెం పైకెత్తి, ఏదో గుర్తొచ్చినట్టు దించేశారు.

"చెప్పినందుకు థాంక్సండీ. ఇలాంటివి ఎవరూ మొహం మీద చెప్పరు" అన్నారు. టీ తాగకుండా వెళ్ళిపోయారు.

నాకు ఏడుపొచ్చింది. పిన్నీసు వేలికి గుచ్చుకుంది అందుకే.

మార్చి 6, గురువారం

రాజావారు టీకి రాలేదు. నాకేం పట్టలేదు. పాలు మిగిలాయి, అంతే.

మార్చి 7, శుక్రవారం

రాలేదు. బొత్తాలు కూడా ఊడలేదు. దారం మారిందేమో.

కోటు మూడుసార్లు బ్రష్షు చేశాను. తూట్లు రఫ్ఫు చేస్తున్నాను. మధ్యాహ్నం ఎప్పటిలాగే నా స్వెట్టరు దాని లోపలే తగిలించాను. హేంగర్లు తక్కువ.

మార్చి 8, శనివారం

ఇవాళ రిహార్సల్లో జరిగింది రాస్తే నవ్వొస్తోంది. నవ్వితే పాపమనిపిస్తోంది.

రెండో అంకంలో రాణి కోపంగా రాజావారి గుండెల మీద రెండు చేతులా కొట్టాలి. కొట్టింది. ఆయన చొక్కాలోంచి తెల్లగా పొగ లేచింది. టాల్కం పౌడరు. డబ్బాకి డబ్బా పోసుకున్నట్టున్నారు. రాణి దగ్గింది, తుమ్మింది, ఆమె కిరీటం జారి ముక్కు మీద కూర్చుంది. మేనేజరు "కట్, కట్" అని అరిచాడు. ఇది సినిమా కాదని ఎవరో గుర్తు చేశారు.

తర్వాతి ప్రేమ సన్నివేశం ఆయన రాణికి రెండు బారల దూరంలో నిలబడి చేశారు. "రాణీ, నీ ఊపిరి నా చెంపను తాకుతోంది" అని అక్కడి నుంచి చెప్పారు. రాణి ఊపిరి అంత దూరం రావాలంటే ఆవిడ మనిషి కాదు, కొలిమి తిత్తి అయ్యుండాలి.

అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. ఆయన తెరపక్కకి, నావైపు చూసి, గబుక్కున తల తిప్పుకున్నారు.

మార్చి 9, ఆదివారం

చెల్లి వంటింట్లో నా చెయ్యి పట్టుకుని వెలుగులోకి లాగింది. "అక్కా, నీ స్వెట్టరు మోచేతి దగ్గర తూటేంటే?"

"మేకు గీరుకుంది."

"మేకు గీరుకుంటే చిరుగు పడుతుంది. ఇది గుండ్రంగా ఉంది."

చెల్లి నర్సు. గాయం చూస్తే ఏ ఆయుధమో చెప్పేస్తుంది. రాజావారి చెమట సంగతి చెప్పాను, చిమ్మట సంగతి చెప్పలేదు. అది గరిటె తిప్పుతూనే, "చెమట అందరికీ పడుతుంది. పట్టకపోతే మా దగ్గరికి తెస్తారు. అయినా ఆయన చెమట గురించి నీకెందుకంత బెంగ?" అంది.

"నాకేం బెంగ? ఆయనెవరు, నేనెవరు?"

"అదే నేనూ అడుగుతున్నా."

మాట మార్చడానికి కూరలో ఉప్పు ఎక్కువైందన్నాను. ఇంకా వెయ్యలేదట.

మార్చి 10, సోమవారం

కంపెనీలో ఎవరూ ఇప్పుడు 'చె'తో మొదలయ్యే మాట అనడం లేదు. రాజావారి ఎదుట "చెంచా ఇలా ఇవ్వు" అన్నా ఉలిక్కిపడుతున్నారు. "చెప్పండి" అంటే మొహం మాడిపోతోంది. మేనేజరు జాగ్రత్తపడి "చెట్టు బొమ్మ అటు జరపండ్రా" అనడానికి బదులు "ఆ వృక్షం అటు జరపండ్రా" అన్నాడు. వృక్షమంటే ఏదో తెలియక వాళ్ళు సింహాసనం జరిపారు.

నేను కొళాయి దగ్గర ఆయనకి ఎదురుపడ్డాను. ఏదో ఒకటి మాట్లాడాలి కదా. "చలిగా ఉంది, స్వెట్టరు వేసుకోలేదా?" అన్నాను.

ఆయన కొళాయి కట్టేశారు. "స్వెట్టర్లో కూడా ఉందండీ ఆ మాట" అన్నారు. "ఇంగ్లీషులో."

ఎవరి ఇంగ్లీషు వాళ్ళని కాపాడాలి గానీ నేనేం చేయను?

మార్చి 11, మంగళవారం

గోరుచుట్టు మీద రోకటిపోటు.

చెమట పట్టకూడదని రాజావారు నీళ్ళు తాగడం మానేశారట. దానికి తోడు ఎప్పుడూ ఫ్యాను ఎదురుగా కూర్చుంటున్నారట. గొంతు పోయింది. ఈ రోజు "రాణీ" అంటే పాత తలుపు తీసినట్టు వినిపించింది.

ఇంకొకటి. మేనేజరు రాణితో అంటుంటే విన్నాను. ఈ నాటకం ఆడేశాక రాజావారు వెళ్ళిపోతారట. పై వీధి కంపెనీ వాళ్ళు పిలిచారట, అక్కడ స్టేజీ మీద గాలి బాగా ఆడుతుందట. ఇక్కడ మానేస్తున్నానని ఉత్తరం కూడా ఇచ్చేశారట.

పోతే పోనీ. నటులు వస్తుంటారు, పోతుంటారు. కోట్లు ఉంటాయి.

కోట్లు కూడా ఉండవేమో. ఆయనతో నిజం చెప్తే మేనేజరుకి తెలుస్తుంది, నా ఉద్యోగం పోతుంది. చెప్పకపోతే ఆయన పోతారు. నా ఉద్యోగం ఉంటుంది. ఉద్యోగం ముఖ్యం. ఇందులో ఆలోచించాల్సిందేం లేదు.

ఇవాళ అన్నం తినలేదు. ఉప్పు ఎక్కువైంది.

మార్చి 12, బుధవారం

సెలవు పెట్టి వ్యవసాయ కాలేజీకి వెళ్ళాను. అక్కడ పురుగుల మీద పాఠాలు చెప్పే మాస్టారున్నారు. అగ్గిపెట్టెలో నాలుగు గింజలూ, చచ్చిన రెక్కల పురుగొకటీ పెట్టుకెళ్ళాను. శత్రువు పేరేంటో, ఒక్క కోటుతో పోతుందో, గదంతా పాకుతుందో తెలుసుకోవాలి.

"ఇవి మా స్నేహితురాలి ఇంట్లోవండీ" అన్నాను.

ఆయన అగ్గిపెట్టె తెరిచి, "మీ స్నేహితురాలు నాటకాల్లో పనిచేస్తారా?" అన్నారు. పెట్టె నిండా చమ్కీ.

"దీన్ని మీరేమంటారు?" అనడిగారు.

"చిమ్మట."

"కొన్నిచోట్ల చిమ్మటంటే చెట్టు మీద కూర్చుని చెవులు దిమ్మెక్కేలా అరిచే పురుగమ్మా. ఇది దానికి చుట్టం కూడా కాదు. కొందరు చిమ్మెట అంటారు. పుస్తకాలవాళ్ళు శలభం అంటారు, పాతకాలం వాళ్ళకి శలభమంటే మిడత కూడాను. మొన్న ఒకాయన ఫోన్లో 'చిమ్మట పట్టింది, ఒళ్ళంతా దద్దుర్లు' అంటే పరిగెత్తుకెళ్ళాను. తీరా చూస్తే చెమటకాయలు."

"ఇది దీపం దగ్గరికి వెళ్తుందా మాస్టారూ?" అన్నాను. రాజావారి డైలాగు గుర్తొచ్చి అడిగానంతే.

"వెళ్ళదు. దీపం మీద పడి చచ్చేవి వేరే. కవులు రాసేదంతా వాటి గురించే. దీనికి వెలుగంటే భయం. బట్టల మడతల్లో, చీకట్లో ఉంటుంది. నచ్చిన కోటొకటి దొరికితే దాన్ని పట్టుకుని అక్కడే ఉండిపోతుంది. రెక్కలొచ్చాక నోరు కూడా పనిచేయదు."

నేను కిటికీ వైపు తిరిగాను. ఎండ కళ్ళల్లో పడింది.

"అన్ని కోట్లుండగా ఆ ఒక్కటే ఎందుకండీ?"

"చెమట" అన్నారు.

"చిమ్మటేనండీ."

"చిమ్మటే. చెమట వల్ల వచ్చిన చిమ్మట. ఉతికిన ఉన్ని దానికి చప్పిడి తిండి. మనిషి చెమట అంటిన ఉన్నంటే పడి చస్తుంది."

అంటే నేను చెప్పింది అబద్ధం కాదన్నమాట. వాసన సంగతి తప్పిస్తే.

ఆయన గింజొకటి భూతద్దం కింద పెట్టి నన్ను చూడమన్నారు. గింజ కాదు, చిన్న సంచి. రెండు వైపులా తెరుచుకుని ఉంది. పురుగు పిల్ల తను తినే ఉన్నితోనే ఆ సంచి అల్లుకుని అందులో దాక్కుంటుందట. ఎర్ర కోటు తింటే ఎర్ర సంచి, నీలం తింటే నీలం. తిన్న కోటు రంగే తొడుక్కుంటుంది. దొంగతనం చేసిన చీరే కట్టుకుని ఊరేగినట్టు.

"పెరిగేకొద్దీ రెండు కొసలా అతుకులు వేసుకుంటుంది. కాబట్టి నడిమి ముక్క ముందు తిన్నది, కొసలు తర్వాత తిన్నవి. దీన్ని చూడండి. నాలుగూ ఇలాగే ఉన్నాయి."

కొసలు రెండూ ఎరుపు. నడుమ బూడిదరంగు.

"అంటే ముందు బూడిదరంగు ఉన్నిలో పుట్టాయి, అక్కణ్ణుంచి ఎర్ర కోటులోకి వచ్చాయి. ఈ రెండు బట్టలూ ఒకదానికొకటి ఆనుకుని ఉంటాయామ్మా, మీ స్నేహితురాలి ఇంట్లో?"

నేను మోచేతి మీద చెయ్యి వేసుకున్నాను.

"హేంగర్లు తక్కువండీ" అన్నాను.

మార్చి 13, గురువారం

కంచే చేను మేసింది. రేపు చెప్పేస్తాను.

గదిలో కోటు కోటూ తిరగేసి చూశాను, టార్చి పెట్టి, కుట్టు కుట్టునా. నీలం వాటిలో లేవు, నలుపు వాటిలో లేవు, సైనికుల ఆకుపచ్చ కోట్లలో లేవు. ఎర్ర దానిలోనే.

మార్చి 14, శుక్రవారం

రేపు.

మార్చి 15, శనివారం

చెప్పేశాను. మొదలైన దగ్గర్నుంచి రాస్తాను, లేకపోతే నిద్ర పట్టదు.

రిహార్సల్ మధ్యలో రాజావారి గొంతు పూర్తిగా ఆగిపోయింది. మెడకి మఫ్లరు చుట్టుకుని సింహాసనం మెట్టు మీద కూర్చున్నారు. మేనేజరు ఆయనకి గ్లాసుతో నీళ్ళిస్తే పెదాలు తడుపుకుని తిరిగిచ్చేశారు. ఆ గ్లాసు చూడగానే స్క్రిప్టు కింద పెట్టి స్టేజీ మీదికి వెళ్ళాను. ఇన్నేళ్ళలో జనం చూస్తుండగా స్టేజీ మీద కాలు పెట్టడం అదే మొదలు. లైట్ల వేడికి కళ్ళు బైర్లు కమ్మాయి.

"ఆ రోజు నేను చెప్పింది చెమట కాదండీ. చిమ్మట" అన్నాను.

అందరూ నన్నే చూశారు. నేను గుండె దిటవు చేసుకుని మేనేజరు వైపు తిరిగాను. "రాజావారి కోటుకి చిమ్మట పట్టింది. మీరు కాల్పించేస్తారని భయపడి చెమట అన్నాను."

మేనేజరు కళ్ళు చెమర్చాయి. నేను అనుకున్నది అది కాదు. "చూశారా" అన్నాడు రాణితో, "ఆయన మనసు నొచ్చుకుందని, పాపం తన ఉద్యోగం సంగతి కూడా చూసుకోకుండా పురుగుల్ని కల్పిస్తోంది."

"కల్పించడం కాదండీ, నిజంగా చిమ్మట."

"ఊరుకోమ్మా. చెమటైతే ఏమైంది, మేమెవరమైనా అనుకున్నామా?" అంది రాణి. అంటూనే రెండడుగులు వెనక్కి వేసింది.

రాజావారు తలెత్తి ఆ పోయిన గొంతుతో, "మీ మనసు మంచిదండీ. నాకోసం పురుగుల్ని పుట్టించక్కర్లేదు" అన్నారు.

నాకు తిక్క రేగింది. ఇన్ని రోజులు అబద్ధం చెప్తే ఒక్క మాటకి నమ్మేశారు. నిజం చెప్పడానికి వస్తే సాక్ష్యాలు కావాలట. అగ్గిపెట్టె తీసి మేనేజరు చేతిలో పెట్టాను. "కళ్ళజోడు పెట్టుకుని చూడండి."

చూశాడు. పెట్టె కింద పడేశాడు. మళ్ళీ తీశాడు. "పెట్రోలు ఎక్కడుంది?" అన్నాడు.

"ఆగండి. ఇది ఏ ఉన్ని తింటే ఆ రంగు సంచి కట్టుకుంటుంది. కాలేజీ మాస్టారు చెప్పారు. నీలం సంచి ఒకటైనా ఉందా? నలుపుందా? గదంతా వెతికాను, మిగతా కోట్లకి ఏమీ కాలేదు."

మేనేజరు కళ్ళజోడు పైకి జరుపుకుని, కిందికి జరుపుకుని, మళ్ళీ చూశాడు. "ఎరుపు సరే" అన్నాడు. "నడుమ ఈ బూడిదరంగెవరిది? మన దగ్గర బూడిదరంగు కోటే లేదు."

ఇంతదాకా వస్తుందని తెలుసు. తెలిసే వచ్చాను. కానీ తెలిసి రావడం వేరు, వచ్చి నిలబడడం వేరు. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నాడట. నేను మోచెయ్యి తడుముకున్నాను.

అందరూ నా మోచెయ్యి చూశారు. రాజావారు కూడా చూశారు.

"నీ స్వెట్టరు ఆయన కోటులోకి ఎలా వెళ్ళింది?" అన్నాడు మేనేజరు.

"హేంగర్లు తక్కువండీ."

నా గది స్టేజీ పక్కనే. తలుపు బార్లా తీసి ఉంది. అందరూ ఒక్కసారి అటు తిరిగారు. లోపల గోడ ఈ కొస నుంచి ఆ కొస దాకా కర్ర, ఆ కర్రకి వరసగా ఖాళీ హేంగర్లు. గాలికి ఒకదానికొకటి తగిలి టింగు టింగుమంటున్నాయి కూడా. దిక్కుమాలిన గాలి.

నాకు చెమట పట్టింది. నిజంగానే, వీపంతా.

రాజావారు సింహాసనం మెట్టు మీంచి లేచారు. గుమ్మం దాకా వెళ్ళి లోపలికి తొంగి చూశారు. ఆ హేంగర్లన్నిటినీ ఆ చివర నుంచి ఈ చివరికి చూసి, మేనేజరు వైపు తిరిగి, ఆ బొంగురు గొంతుతోనే, "నిజమేనండీ" అన్నారు. "చాలా తక్కువ."

తర్వాత గ్లాసు తీసుకుని నీళ్ళన్నీ తాగేశారు.

మార్చి 16, ఆదివారం

చెల్లీ, పొద్దున్నుంచి నన్ను చూసి ఒక్కదానివే నవ్వుకుంటున్నావంటే ఇది చదివావనే అర్థం. ఇంటిదొంగని ఈశ్వరుడైనా పట్టలేడు గానీ నేను పట్టుకుంటాను. ఇక మీదట బీరువా పైన కాదు, వేరేచోట పెడతాను.

మార్చి 17, సోమవారం

ఉద్యోగం పోలేదు. మేనేజరు పెట్రోలు ధర కనుక్కుని శాంతించాడు.

మాస్టారుకి ఫోన్ చేశాను. బట్టలు ప్లాస్టిక్ సంచిలో గాలి పోకుండా కట్టి, బాగా గడ్డకట్టే ఫ్రీజర్లో పెడితే పురుగూ గుడ్లూ చస్తాయట. నాటకం రోజు దాకా ఉంచితే చాలన్నారు. వీధి చివర ఐస్‌క్రీం కొట్టాయన సరేనన్నాడు, సంచి మీద 'అమ్మకానికి కాదు' అని రాయమన్నాడు.

రాజావారు వచ్చారు. గొంతు కొంచెం తెరుచుకుంది. నేను రెండు సంచులు తీశాను. కోటుకొకటి, స్వెట్టరుకొకటి.

"రెండెందుకండీ?" అన్నారు. "ఒకదాంట్లో పట్టవా?"

"పడతాయి."

"మరింకేం. ఫ్రీజర్లో చోటు కలిసొస్తుంది."

ఒకే సంచిలో పెట్టాను. ఆయన మూతి బిగించి పట్టుకుంటే నేను దారం చుట్టాను. ముడి వెయ్యడానికి చాలాసేపు పట్టింది. దారం నాసిరకం.

పై వీధి కంపెనీ మాట నేను అడగలేదు. ఆయనే వెళ్తూ వెళ్తూ గుమ్మంలో ఆగారు. "ఆ కంపెనీకి నిన్న వెళ్ళొచ్చానండీ. వాళ్ళ దుస్తుల గది చూపించారు. అక్కడ హేంగర్లు బోలెడున్నాయి. నాకు అలాంటి చోట కుదరదని చెప్పేశాను."

నేను తల దించుకుని కత్తెర వెతికాను. చేతిలోనే ఉంది.

మార్చి 18, మంగళవారం

బొత్తాం ఊడిందని వచ్చారు. దారం నున్నగా తెగి ఉంది.

"ఇక నుంచి నా కత్తెర వాడుకోండి" అన్నాను. "ఆ బ్లేడుతో బట్ట కోసుకుపోతోంది."

ఆయన చెవులదాకా ఎర్రబడ్డారు. టీ రెండు కప్పులు తాగారు.

మార్చి 22, శనివారం

నాటకం ఆడాం. హాలు నిండింది.

కోటు పొద్దున్నే ఫ్రీజర్లోంచి తెచ్చి ఆరబెట్టి, దులిపి, ఆయనకి తొడిగాను. కాలరు కింద నా రఫ్ఫు కనిపించలేదు. బొచ్చులోంచి కొంచెం వెనీలా వాసన వచ్చింది. రాణి ప్రేమ సన్నివేశంలో ఆయనకి ఆనుకుని నిలబడి రెండుసార్లు గట్టిగా ఊపిరి పీల్చుకుంది.

ఆ డైలాగు వచ్చింది. ఆయన మోకాలి మీద కూర్చున్నారు. మొహమంతా చెమట, లైట్లలో మెరుస్తోంది. తుడుచుకోలేదు. నేను తెరపక్కన స్క్రిప్టు తెరిచి "శలభం" అందించడానికి నోరు తెరిచాను.

"నీ ప్రేమ జ్వాలకు నేను సులభాన్ని, రాణీ" అన్నారు రాణితో. చూసింది ఇటు.

నేను సరిదిద్దలేదు. స్క్రిప్టు మూసేసి చప్పట్లు కొట్టాను. చుట్టుపక్కల ఎక్కడా పురుగు లేదు.

మార్చి 23, ఆదివారం

సెలవే అయినా గదికి వెళ్ళాను, తాళం నా దగ్గరే ఉంటుంది. కోటు ఎండలో వేసి తెచ్చాను. చెమట అంటింది కాబట్టి ఇక రోజూ వెయ్యాలి.

ఖాళీ హేంగర్లన్నీ కర్ర మీంచి తీసి, కట్ట కట్టి, నిచ్చెనేసుకుని అటక మీదికి ఎక్కించాను. దిగి కోటు తగిలించాను. లోపల నా స్వెట్టరు తగిలించాను.

ఇప్పుడు నిజంగానే తక్కువ.